గోడ మీద కమ్మీ నీడ

కోటు గార్సైడ్‌ది. గొడవంతా అక్కడే మొదలైంది.

షూటింగు ఆఖరి వారం, సోమవారం పొద్దున, లయొనెల్ వేర్ సెట్టు మీదికి తన సొంత కోటు వేసుకుని వచ్చాడు. తక్కువ డబ్బుతో, పన్నెండు రోజుల్లో చుట్టేసే సినిమా అది. నటులు ఎవరి బట్టలు వాళ్లే తెచ్చుకోవాలి. ఆయన వేస్తున్నది బ్యాంకు మేనేజరు వేషం. తెచ్చుకున్నదేమో చేపలు పట్టడానికి పోయేవాడు తొడుక్కునే మొద్దు కోటు. డైరెక్టర్ కాబ్ దాన్ని ఎగాదిగా చూసి, ఈ కోటులో ఉన్నవాణ్ణి బ్యాంకు గుమ్మం కూడా ఎక్కనివ్వరు అన్నాడు. సరిగ్గా అప్పుడే ప్రొడక్షన్ మేనేజర్ గార్సైడ్ అటుగా వెళుతున్నాడు. నల్లటి పొడుగు కోటు, మెడపట్టీకి మఖమలు. కాబ్ కళ్లు దాని మీద పడ్డాయి. అద్దెకు తెస్తే ఖర్చని మొన్ననే ఊరంతా వినబడేలా అరిచిన మనిషి, ఇప్పుడు తన కోటు ఇవ్వనని ఎలా అంటాడు? విప్పి ఇచ్చాడు. సాయంత్రం దాకా ఆఫీసులో ఉన్ని చొక్కా వేసుకుని వణుకుతూ కూర్చున్నాడు.

ఆల్మా ప్రెంటిస్ అది రాసుకుంది: నల్లకోటు, మూడు గుండీలు, మధ్య గుండీ మాత్రమే పెట్టి ఉంది. రాసుకోవడమే ఆమె పని. సినిమాని ముక్కలు ముక్కలుగా తీస్తారు. తలుపు తోసే ముక్క సోమవారం తీస్తే లోపలికి అడుగుపెట్టే ముక్క గురువారం తీస్తారు. సోమవారం ఎడమచేతిలో ఉన్న టోపీ గురువారానికి కుడిచేతిలోకి మారితే హాల్లో జనం నవ్వుతారు. ఆ నవ్వు రాకుండా చూడటానికి ఒక మనిషి కావాలి. పంతొమ్మిదేళ్లుగా ఆ మనిషి ఆల్మా. మెడలో స్టాప్‌వాచీ, ఒళ్లో అట్ట, అట్ట మీద నాలుగు కాగితాలు, వాటి మధ్య మూడు కార్బన్లు. పై కాపీ ఎడిటర్‌కి, రెండోది ఆఫీసుకి, మూడోది డైరెక్టర్‌కి. అన్నిటికన్నా అడుగున పడే నాలుగోది, అక్షరాలు వెలిసిపోయినట్టుండేది, తనకి.

మధ్యాహ్నం క్యాంటీన్లో గార్సైడ్ వచ్చి ఆమెకి ఎదురుగా కూర్చున్నాడు. సాసేజీని చిన్న చిన్న ముక్కలు కోసుకుంటూ, తల ఎత్తకుండానే విషయం చెప్పాడు. వచ్చే సినిమాకి నిర్మాత తన మేనకోడల్ని పెట్టమంటున్నాడట. పిల్ల చురుకైనదట, సగం జీతానికే వస్తుందట. మీరేమీ అనుకోకండి అన్నాడు.

"అయితే నేను శుక్రవారం దాకానేనా?" అని అడిగింది ఆల్మా.

"శుక్రవారం దాకానే" అన్నాడు గార్సైడ్, ఆవాల ముద్ద వేసుకుంటూ.

నలభై ఆరేళ్ల మనిషిని ఇంకే స్టూడియో పిలుస్తుంది? ఆల్మా మిగిలిన బంగాళాదుంప ముద్దని ఫోర్కుతో గీతలు గీసి, చదును చేసి, మళ్లీ గీతలు గీసింది. గార్సైడ్ లేచి వెళ్లిపోయాక కూడా చాలాసేపు గీసింది.

తిరిగి సెట్టు మీదికి వెళ్లేసరికి అక్కడ ఇంకో తగువు. సినిమా మొత్తం ఒక బెదిరింపు ఉత్తరం చుట్టూ తిరుగుతుంది. స్క్రిప్టులో అది టైపు కొట్టిన ఉత్తరం, రెండువందల పౌన్లు ఇమ్మని ఉంటుంది. బ్యాంకు మేనేజరు బల్ల దగ్గర చొక్కాతో కూర్చుని చదువుతాడు. కాబ్‌కి అది చప్పగా తోచింది. పైగా బల్లకి వేసిన రంగు ఇంకా ఆరలేదు. కోటు మీదే, ఇంటి గుమ్మంలోనే చదివించేద్దామన్నాడు. రచయితకి ఫోన్ చేసి కొత్త ఉత్తరం చెప్పమన్నాడు. రచయిత నిద్రలోంచి లేచినట్టున్నాడు, మూడే వాక్యాలు చెప్పాడు. వీటిలో ఏముందయ్యా, దేని గురించో కూడా తెలియడం లేదు అని కాబ్ అంటే, అందుకే భయం వేస్తుంది, ఎవడికి వాడు నింపుకుంటాడు అని పెట్టేశాడట.

చేత్తో ఎవరు రాయాలి? ఆల్మానే రాయమన్నారు. మీ రాత బడిపంతులమ్మ రాతలా ఉంటుంది, బెదిరింపుకి అదే బాగుంటుంది అన్నాడు కాబ్. ఆమె రాసింది.

"ఆ రోజు ఏం జరిగిందో నాకు తెలుసు. కాగితం నా దగ్గర ఉంది. శుక్రవారంలోగా మీరేం చెయ్యాలో మీకూ తెలుసు."

సెట్టు మీద వస్తువులన్నీ చూసుకునే పెర్సీ, ఇంకో కాపీ కూడా రాసి పెట్టుకుందామన్నాడు. ఎప్పుడూ రెండు రాస్తారు. టైము లేదు, లాగించేయండి అన్నాడు కాబ్. మూడు టేకులు తీశారు. మూడింటిలోనూ లయొనెల్ ఉత్తరం చదివి, మూడు మడతలు పెట్టి, కోటు లోపలి ఎడమ జేబులో పెట్టుకున్నాడు. ఆల్మా అదీ రాసుకుంది. మూడో టేకు అయ్యాక జేబులోంచి ఉత్తరం తీసి పెర్సీ చేతికివ్వడం ఆమె పనే. తీయలేదు. పంతొమ్మిదేళ్లలో మొదటిసారి ఆమె బుర్ర సెట్టు మీద లేదు. క్యాంటీన్లో బంగాళాదుంప ముద్ద మీద ఉంది.

అయిదున్నరకి గార్సైడ్ వచ్చి కుర్చీ మీంచి కోటు లాక్కుని, చలికి తిట్టుకుంటూ బస్సు కోసం పరుగెత్తాడు.

*

మంగళవారం పొద్దున మంచు పొగలా కమ్ముకుని ఉంది. గేటు దగ్గర నాబీ క్లార్క్ ఎప్పటిలాగే అడ్డకర్ర పైకెత్తాడు. పక్కనుంచి నడిచిపోవచ్చు ఆల్మా. అయినా కారు వచ్చినట్టు ఆమెకోసం రోజూ కర్ర ఎత్తుతాడు, తుంటి విరిగిన మనిషి, ఒక చేత్తో ఊతకర్ర పట్టుకుని. పోయిన ఏడాది ఫిబ్రవరి దాకా ఇదే స్టూడియోలో లైట్‌మన్. సెట్టు పైన లైట్లు మోసే చెక్క నడవ మీంచి కిందపడ్డాడు. తాగి ఉన్నాడని తేల్చారు. నష్టపరిహారం రాలేదు. గార్సైడ్ దయతలచి గేటు దగ్గర వేయించాడని అందరూ చెప్పుకుంటారు.

ఆల్మా సంచిలోంచి పిప్పర్మెంట్ల పొట్లం తీసి ఒకటి తీసుకోమంది.

"వద్దు తల్లీ. పిప్పర్మెంటు తింటే వాసన దాచుకుంటున్నాడంటారు" అన్నాడు నాబీ. నవ్వుతూనే అన్నాడు. అంటూనే ఒక అడుగు ముందుకేసి ఆమె ముఖానికి ఎదురుగా ఊపిరి వదిలాడు. టీ వాసన, పొగాకు వాసన. అందరితోనూ అలాగే మాట్లాడతాడు, బాగా దగ్గరికొచ్చి.

లోపల పెర్సీ తల పట్టుకుని కూర్చున్నాడు. ఉత్తరం లేదు. లయొనెల్ జేబులు వెతికాడు, పరుపులు ఎత్తి చూశాడు, చెత్తబుట్ట బోర్లించాడు. గార్సైడ్‌కి తెలిస్తే నా జీతంలో కోస్తాడు, నువ్వే ఇంకోటి రాసి పెట్టు, నీ కాళ్లు పట్టుకుంటానన్నాడు. జేబులో పెట్టినంత వరకు ఆల్మాకి కళ్లకి కట్టినట్టు కనిపిస్తోంది. ఆ తర్వాత? ఆ తర్వాత ఏమీ లేదు. ఎవరో కత్తిరించి పారేసినట్టుంది. అది గార్సైడ్ కోటన్న సంగతి ఇద్దరికీ తట్టనే లేదు. వాళ్ల లెక్కలో అది బ్యాంకు మేనేజరు కోటు. మారుమాట్లాడకుండా ఇంకో ఉత్తరం రాసి, మూడు మడతలు పెట్టి, అంచు కొంచెం నలిపి ఇచ్చింది.

పదింటికి గార్సైడ్ వచ్చాడు. మొహం పాలిపోయి ఉంది. గడ్డం గీసుకోబోయి రెండుచోట్ల కోసుకున్నాడు. చేతిలో రెండు కప్పుల టీ. ఒకటి తెచ్చి ఆల్మా పక్కన పెట్టాడు.

ఈ స్టూడియోలో గార్సైడ్ ఎవరికైనా టీ తేవడం ఎవరూ చూసి ఎరగరు. దీపాలు మోస్తున్న ఇద్దరు ఆగిపోయి చూశారు.

"శుక్రవారం దాకా టైముంది కదండీ?" అన్నాడు గొంతు తగ్గించి.

షూటింగు గురించి అనుకుంది ఆల్మా. "ఉందండీ. మీరు కంగారు పడకపోతే అన్నీ శుక్రవారానికి తేలిపోతాయి" అంది.

ఆయన తల ఊపాడు. చాలాసేపు ఊపుతూనే ఉన్నాడు. తర్వాత, మీకు ఆ మడత కుర్చీ నడుముకి సరిగా ఉండదే, వెనక ఆనుకునేది పంపిస్తాను అని వెళ్లిపోయాడు. పావుగంటలో కుర్చీ వచ్చింది. దాని మీద మెత్త కూడా ఉంది.

*

బుధవారం ఆయన, సాయంత్రం ఆమెని స్టూడియో కారులో ఇంటిదాకా పంపిస్తానన్నాడు. ఆమె వద్దంది. అయితే వచ్చే సినిమాకి మీరే ఉండండి అన్నాడు. మేనకోడలి సంగతేంటని ఆమె అడిగితే, ఆ పిల్లకి అక్షరాలు కూడా సరిగా రావు, నిర్మాతకి నేను నచ్చజెబుతాను అన్నాడు. మధ్యాహ్నానికి ఒక సినిమా కాస్తా మూడయ్యాయి. ఏడాదంతా పని. కాగితాలు టైపు చేయిస్తున్నాను అన్నాడు.

"ఇంకేం కావాలో చెప్పండి" అన్నాడు. ఆ అడగడంలో ఏదో ఏడుపుగొట్టుతనం ఉంది.

ఆల్మాకి ఏం అర్థం కాలేదు. సంతోషం మాత్రం పట్టలేకపోయింది. ఇంకేం వద్దండీ, ఇదే చాలా ఎక్కువ అంది. ఆయన అటూ ఇటూ చూసి ఇంకాస్త దగ్గరికి జరిగాడు.

"కాగితాలన్నీ మీ దగ్గరే ఉంటాయా? పాతవి కూడా?"

"నా దగ్గర కాకపోతే ఎవరి దగ్గరుంటాయండీ? పంతొమ్మిదేళ్లవీ ఉన్నాయి. మంచం కింద సూట్‌కేసులో పెట్టి తాళం వేశాను" అంది గర్వంగా. ఇన్నాళ్లకి తన పని విలువ తెలిసిన మనిషి దొరికాడనుకుంది పాపం.

గార్సైడ్ గోడ పట్టుకున్నాడు.

పెర్సీ ఊరుకుంటాడా? ముసలాడు నీ మీద మనసు పడ్డాడే ఆల్మా అని మొదలుపెట్టాడు. భార్య పోయి నాలుగేళ్లయింది, పొద్దుటే గడ్డం కోసుకుంటున్నాడు, టీలు మోస్తున్నాడు, ఇంకేం లక్షణాలు కావాలి? అన్నాడు. ఆల్మా అతన్ని కసిరింది. కసిరిందే గాని ఇంటికి వెళ్లేటప్పుడు బస్సు అద్దంలో తన ముఖం చూసుకుంది. అంత తీసిపారేసేలా ఏమీ లేదు. గార్సైడ్ కూడా మరీ అంత చెడ్డవాడేం కాదేమో. అరుస్తాడు. ఒంటరివాళ్లు అరుస్తారు మరి.

గురువారం ఆమె ముత్యాల గుండీలున్న నీలం జాకెట్టు తొడుక్కుని వచ్చింది. ఎందుకు తొడుక్కున్నావంటే ఆమె చెప్పలేకపోయేది.

*

గురువారం సాయంత్రం, సెట్టు వెనక, బోర్లా పెట్టిన తలుపులకీ గోడలకీ మధ్య సందులో గార్సైడ్ ఆమెని ఆపాడు. చీకటిగా, జిగురు వాసనగా ఉంది. ఆల్మా చెయ్యి దానంతటదే పై గుండీ మీదికి వెళ్లింది.

"నేను మీకేం చేశానని?" అన్నాడు ఆయన. "నాబీకి మాత్రం ఏం తక్కువ చేశాను? గేటు దగ్గర పెట్టుకోమని కంపెనీతో పోట్లాడింది నేను కాదా? వేరేవాడైతే రోడ్డు మీదే వదిలేసేవాడు."

నాబీ ఎందుకొచ్చాడు మధ్యలో? ఆల్మా కళ్లార్పకుండా చూసింది. మీరు చాలా మంచిపని చేశారని అందరూ అంటారండీ అంది. అది నిజంగానే అంది. ఆయనకి మాత్రం చెంపదెబ్బలా తగిలింది.

"ఎగతాళి చెయ్యకండి. ఆ ఫిబ్రవరి కాగితం తెచ్చివ్వండి. రేపు మధ్యాహ్నం నా ఆఫీసుకి. మీ మూడు సినిమాలు మీకు, నా కాగితం నాకు. ఇంతటితో మరిచిపోదాం."

"ఏ కాగితమండీ?"

ఆయన ఆమె వంక చూసి, చిన్నగా, అలిసిపోయినట్టు నవ్వాడు. "మన లయొనెల్ కన్నా మీరే బాగా నటిస్తున్నారు మిస్ ప్రెంటిస్" అని, పక్కకి తిరిగి ఆ సందులోంచి బయటికి నడిచాడు.

బస్సులో ఆల్మా నీలం జాకెట్టు మీద కోటు బిగించుకుని కూర్చుంది. సిగ్గుగా ఉంది, ఎందుకో తెలియని భయంగానూ ఉంది. తను దిగాల్సిన చోటు దాటిపోయి వెనక్కి నడిచింది. గదిలోకి వెళ్లగానే టోపీ కూడా తీయకుండా మంచం కిందనుంచి సూట్‌కేసు లాగింది. ఫిబ్రవరి అన్నాడు. పోయిన ఏడాది ఫిబ్రవరిలో తీసింది గిడ్డంగి దొంగల సినిమా. కాగితాలు దారంతో కట్టి ఉన్నాయి. పన్నెండో తేదీ. తన రాతే, నాలుగో కాపీ, వెలిసిన నీలం అక్షరాలు. మిగతా మూడు కాపీలూ సినిమా విడుదల కాగానే చెత్తలోకి పోతాయి. దీపం కిందికి తీసుకెళ్లి చదివింది.

"షాట్ 114. టేక్ 1లో గోడ మీద పై నడవ కమ్మీ నీడ పడింది. టేక్ 2లో నీడ లేదు. ముందు షాటుతో కలవదు. అడిగితే, ఈ ఒక్క షాటు కోసం కమ్మీ తీయించానని మి. గార్సైడ్ చెప్పారు. టీ తర్వాత మళ్లీ బిగిస్తారట. 2.20. టేక్ 3, సగంలో ఆగింది. ప్రమాదం. 3.40."

ఇంకోసారి చదివింది. మంచం మీద కూర్చుంది.

నడవ మీద నిలబడి లైటు తిప్పేవాడు వెనక్కి ఒరిగితే ఆనుకోవడానికి ఉండేదే ఆ కమ్మీ. పదకొండేళ్లు నాబీ వీపు ఆనించిన కమ్మీ. ఆ రోజు అది అక్కడ లేదు. తనిఖీవాళ్లు వచ్చేసరికి ఉంది. వాళ్లు చూసింది బిగించి ఉన్న కమ్మీని, మధ్యాహ్నం అరగ్లాసు బీరు తాగిన మనిషిని. కమ్మీ విప్పిన వడ్రంగి ఆ వేసవిలోనే కుటుంబంతో ఆస్ట్రేలియా ఓడెక్కాడు. నాబీ తలకి దెబ్బ తగిలింది, ఆ మధ్యాహ్నం అతనికి గుర్తే లేదు. ఇక మిగిలింది గార్సైడ్, ఆల్మా.

తనకి తెలుసు. ఇరవై ఒక్క నెలలుగా తెలుసు. తెలిసిన సంగతి చేత్తో రాసి, దారంతో కట్టి, తాళం వేసి, దాని మీదే పడుకుంది. నాబీ తాగి పడ్డాడని అందరూ అంటే అవునవునంది. ఎందుకంటే ఆమె ఆ రోజు పైకి చూడలేదు. గోడ వైపే చూసింది. ఆమెకి కావలసింది నీడ. నీడ ముందు షాటుతో కలవలేదని ఆ రోజంతా గొణిగిందేగాని, నీడ లేదంటే కమ్మీ లేదని, కమ్మీ లేని చోట ఒక మనిషి నిలబడ్డాడని ఆమెకి తట్టనే లేదు. ఆల్మా చేతిలో కాగితం పట్టుకుని ఏడ్చింది. నాబీ కోసమో తన కోసమో ఆమెకే తెలియలేదు.

గార్సైడ్‌కి ఇది ఇప్పుడెందుకు గుర్తొచ్చిందన్నది మాత్రం ఎంత ఆలోచించినా తేలలేదు.

*

శుక్రవారం పొద్దున ఒక బస్సు వదిలేసింది. రెండోది కూడా వదిలేద్దామనుకుని, చలికి తట్టుకోలేక ఎక్కింది. కాగితం సంచిలో పిప్పర్మెంట్ల పక్కన ఉంది. నాబీకి ఇస్తే అతనికి ఏమొస్తుంది? కాలు బాగవుతుందా? గార్సైడ్‌కి ఇస్తే ఏడాది పని వస్తుంది. గది అద్దె వస్తుంది. నలభై ఆరేళ్ల మనిషి గుమ్మం గుమ్మం తిరగక్కర్లేదు. ఇలా అనుకుంటూనే గేటు దాకా వచ్చింది. నిలబడకుండా లోపలికి వెళ్లిపోదామనుకుంది కూడా.

నాబీ అడ్డకర్ర ఎత్తి పట్టుకున్నాడు. ఊపిరి మంచులో తెల్లగా వస్తోంది. ఇవాళ్టితో అయిపోయినట్టేనా అని పలకరించాడు. ఆమె అవునంది. ఏదో ఒకటి అనాలి కాబట్టి, మీ ఆవిడ ఎలా ఉందని అడిగింది.

"బాగానే ఉంది. ఇప్పటికీ నేను నిద్రపోయాక నా కోటు జేబులు తడుముతుంది, సీసా ఉందేమోనని. నిద్రపోలేదని తెలియనివ్వను" అన్నాడు నాబీ. "తప్పు ఆవిడది కాదు తల్లీ. మొదట్లో మత్తెక్కేంత తాగలేదు మొర్రో అని నేనే ఒట్లు పెట్టాను. అందరూ అంటుంటే అంటుంటే, తాగే ఉంటానేమోనని నాకే అనిపించింది. ఇప్పుడు ఒట్టు కూడా పెట్టలేను."

ఆల్మా సంచి తెరిచింది. కాగితం తీసి ఇచ్చింది. నాబీ కళ్లజోడు కోసం గదిలోకి వెళ్లాడు, కుంటుకుంటూ తిరిగొచ్చాడు, చదివాడు. అర్థం కాలేదు. నీడేమిటి, 114 ఏమిటని అడిగాడు. ఆమె వేలు పెట్టి ఒక్కొక్క వాక్యం చెప్పింది. కమ్మీ అన్న చోట వేలు ఆపింది. నేను రాసే పెట్టాను నాబీ, రాసి మరిచిపోయాను, నన్ను క్షమించు అంది.

నాబీ ఆమె మాట విన్నట్టు లేదు. పెదాలు కదుపుతూ ఇంకోసారి చదువుకున్నాడు.

"కమ్మీ లేదా?" అన్నాడు.

"లేదు."

"అయితే నేను..." అని ఆగిపోయాడు. అవతల లారీ హారన్ కొట్టింది. సెట్టు వెనక కట్టే పదకొండు గజాల బొమ్మల తెరలు దింపాలట. కాగితం నాలుగు మడతలు పెట్టి చొక్కా జేబులో పెట్టుకుని, కర్ర ఎత్తడానికి వెళ్లాడు నాబీ. ఎత్తి, లారీ వెళ్లిపోయాక కూడా దించడం మరిచిపోయాడు.

*

మధ్యాహ్నం ఆల్మా గార్సైడ్ ఆఫీసుకి వెళ్లింది. ఏం చెప్పాలో ఆలోచించుకోలేదు. బల్ల మీద కాంట్రాక్టు ఉంది, మూడు సినిమాల పేర్లు టైపు కొట్టి, కింద ఆయన సంతకం పెట్టి. నల్లకోటు వెనక కొక్కేనికి వేలాడుతోంది. ఆయన కాంట్రాక్టుని ఆమె వైపు తోశాడు. తర్వాత సొరుగులోంచి ఇంకో కాగితం తీసి దాని పక్కన పెట్టాడు. మూడు మడతలు.

"మీ ఉత్తరం. వెనక్కి తీసుకోండి. ఇక దీని అవసరం మనిద్దరికీ లేదు."

ఆల్మా విప్పి చూసింది. తన రాతే. సోమవారం, మూడు టేకులు, లోపలి ఎడమ జేబు. అంతవరకే ఉన్న సోమవారానికి మిగతా సగం ఇప్పుడు వచ్చి అతుక్కుంది. టీ, కుర్చీ, మెత్త, మూడు సినిమాలు, సందులో మాటలు, అన్నీ వరసలో కూర్చున్నాయి.

ఊరుకోవచ్చు. సంతకం పెట్టిన కాంట్రాక్టు కళ్లముందుంది. కానీ కలవని చోట కలవలేదని చెప్పకుండా ఉండటం ఆమెకి చేతకాదు. పంతొమ్మిదేళ్లుగా అదొక్కటే చేస్తోంది.

"ఇది మీకు రాసింది కాదండీ. సినిమాలోది. సోమవారం లయొనెల్ మీ కోటు జేబులో పెట్టాడు. నేను తీయడం మరిచిపోయాను. పెర్సీ దీనికోసం మంగళవారం సెట్టంతా గాలించాడు."

గార్సైడ్ అర్థం కానట్టు చూశాడు. ఉత్తరం వైపు, కోటు వైపు, మళ్లీ ఉత్తరం వైపు. స్క్రిప్టులో ఉత్తరం ఇది కాదే అన్నాడు. మార్చారని చెప్పింది. అప్పుడు నవ్వడం మొదలుపెట్టాడు. మొదట గొంతులో, తర్వాత ఒళ్లంతా. కళ్లు తుడుచుకున్నాడు. నాలుగు రాత్రులు నిద్రపోలేదు తెలుసా అన్నాడు. సినిమాలోదట, సినిమాలోది అని బల్ల చరిచాడు. ఆ నవ్వు చూస్తే ఆల్మాకి కూడా జాలేసింది. ఒక్క క్షణం ఆమె కూడా నవ్వింది.

నవ్వు తగ్గాక గార్సైడ్ టై సర్దుకున్నాడు. కాంట్రాక్టుని రెండు వేళ్లతో తన వైపు లాక్కున్నాడు.

"మరి ఆ మేనకోడలి విషయం మీకు సోమవారమే చెప్పాను కదా మిస్ ప్రెంటిస్. నిర్మాత మాట. నా చేతుల్లో లేదు." సొరుగు తెరిచి కాంట్రాక్టు అందులో వేశాడు. "ఆ పాత కాగితం మాత్రం ఎలాగూ తెచ్చారు కాబట్టి ఇచ్చేయండి. మీకు దాంతో పనేముంది?"

"తేలేదండీ."

"మరి?"

"పొద్దునే నాబీకి ఇచ్చేశాను."

సొరుగు సగం మూసిన చేత్తో గార్సైడ్ అలాగే ఉండిపోయాడు. నవ్వినప్పటి తడి ఇంకా కళ్ల కింద ఉంది.

"ఎందుకు?" అన్నాడు చివరికి. కోపంతో కాదు. నిజంగానే తెలియక అడిగాడు. "ఏమీ అడగకుండానే ఇచ్చేశారా?"

ఎందుకో తెలిస్తే పొద్దున రెండు బస్సుల మధ్య అంతసేపు నిలబడేదే కాదు ఆల్మా. బల్ల మీది ఉత్తరం తీసుకుని మూడు మడతలు పెట్టింది. ఇది పెర్సీకి ఇచ్చేస్తానండీ, లెక్కలో ఉన్న వస్తువు అని చెప్పి బయటికొచ్చింది.

ఆఖరి షాటు నాలుగుంపావుకి అయింది. బ్యాంకు మేనేజరు అదే కోటు వేసుకుని పోలీసు స్టేషను మెట్లెక్కాడు. కోటు విప్పుతుంటే ఆల్మా వెళ్లి జేబులన్నీ తడిమి చూసింది. ఏమీ లేవు. కాగితాల నాలుగో కాపీ తీసుకుంది, స్టాప్‌వాచీ మెడలోంచి తీసి సంచిలో వేసుకుంది. పెర్సీ పిలిచి, నీ పెళ్లికి నన్ను పిలవాలి సుమా అన్నాడు. పిలుస్తానంది.

గేటు దగ్గర లైట్‌మన్ల యూనియన్ పెద్ద నిలబడి ఉన్నాడు. కాగితం ఆయన చేతిలో ఉంది, దీపం కింద పట్టుకుని చదువుతున్నాడు. నాబీ పక్కన నిలబడి 114 అంటే ఏమిటో, నీడ ఎందుకు కలవలేదో ఆయనకి విడమరిచి చెబుతున్నాడు, పొద్దున ఆల్మా చెప్పినట్టే, ఒక్కొక్క వాక్యం మీద వేలు పెట్టి. ఆమెని చూసి మాట ఆపాడు. కర్ర ఎత్తబోయాడు.

వద్దు నాబీ, పక్కనుంచి పోతానంది ఆల్మా.

వినలేదు. ఎత్తి పట్టుకున్నాడు. ఆమె దాటి వెళుతుంటే పిలిచాడు.

"తల్లీ, ఆ బిళ్లలున్నాయా ఇంకా?"

ఆల్మా సంచిలోంచి పొట్లం తీసి పట్టుకుంది. ఒక చేత్తో అడ్డకర్ర పట్టుకుని, రెండో చేత్తో నాబీ ఒక పిప్పర్మెంటు తీసి నోట్లో వేసుకున్నాడు. బుగ్గన పెట్టుకుని, నింపాదిగా చప్పరిస్తూ, యూనియన్ పెద్దకి ఎదురుగా నిలబడి మిగతాది చెప్పడం మొదలుపెట్టాడు.